హకీమ్ ఒలాజువాన్: ఆలస్యంగా మొదలైన ఆట, ఆలస్యంగా అందిన శిఖరం

అమెరికా ప్రొఫెషనల్ బాస్కెట్‌బాల్ లీగ్ అయిన ఎన్‌బీఏ చరిత్రలో ప్రత్యర్థుల షాట్లను గాలిలోనే అత్యధికంగా అడ్డుకున్న ఆటగాడు హకీమ్ ఒలాజువాన్. ఆ లెక్క 3,830. రెండో స్థానంలో ఉన్న డికెంబే ముటోంబో 3,289 దగ్గర ఆగిపోయాడు. బ్లాక్‌లను, అంటే ఇలా అడ్డుకున్న షాట్లను, లీగ్ నమోదు చేయడం 1973-74 సీజన్‌తో మొదలైంది కాబట్టి అంతకుముందు ఆడిన బిల్ రసెల్, విల్ట్ ఛాంబర్లెయిన్ ఎన్ని షాట్లు అడ్డుకున్నారో చెప్పే పట్టిక లేదు. వాళ్ల లెక్క కూడా రాసి ఉంటే ఈ మొదటి స్థానం నిలిచేదా అన్న అనుమానం న్యాయమైనదే. అయితే ఒలాజువాన్‌ను మిగతా పొడగరుల నుంచి వేరు చేసేది ఈ అంకె కాదు, దీని పక్కనున్న మరో అంకె. ప్రత్యర్థి చేతిలోంచి బంతిని లాగేసుకున్న సందర్భాలు, అంటే స్టీల్స్, అతని ఖాతాలో 2,162 ఉన్నాయి. రింగ్ దగ్గర కాపు కాసే సెంటర్‌కు బ్లాక్‌లు రావడం సహజం. బంతి వెంట పరిగెత్తే గార్డుకు స్టీల్స్ రావడం సహజం. రెండింటిలోనూ రెండేసి వేలు దాటినవాడు ఇప్పటిదాకా ఇతనొక్కడే.

ఈ రికార్డుల కన్నా ఆశ్చర్యం కలిగించేది ఆ ఆటగాడు వచ్చిన దారి. పదిహేనేళ్లు దాటేవరకు అతను బాస్కెట్‌బాల్ ముట్టుకోలేదు. ముప్పయ్యేళ్లు దాటేవరకు అతని జట్టు ఛాంపియన్ కాలేదు. చిన్నప్పుడే ఒక ఆటను పట్టుకుని దానికే అంకితమైనవాడు పైకి వస్తాడని, ముప్పై దాటిన సెంటర్‌కు మోకాళ్లతో పాటు అదృష్టం కూడా అరిగిపోతుందని క్రీడాలోకంలో స్థిరపడిన రెండు నమ్మకాలకూ ఈ జీవితం ఎదురు నిలుస్తుంది. ఆలస్యం అతనికి అడ్డు కాలేదని మాత్రమే చెప్పి ఊరుకుంటే సరిపోదు. అతని ఆటలో మేలైన భాగమంతా ఆ ఆలస్యం వల్లే తయారైందనడానికి ఆధారాలు ఉన్నాయి.

ఒలాజువాన్ 1963 జనవరి 21న నైజీరియాలోని లాగోస్‌లో, సిమెంటు వ్యాపారం చేసుకునే యోరుబా ముస్లిం కుటుంబంలో పుట్టాడు. ఆ నగరంలో కుర్రవాళ్ల ఆట అంటే ఫుట్‌బాల్. పొడుగ్గా ఉన్నవాణ్ని ఎక్కడైనా గోల్ ముందే నిలబెడతారు కాబట్టి అతను గోల్‌కీపర్ అయ్యాడు. దానికి తోడు బడి జట్టులో హ్యాండ్‌బాల్ ఆడాడు. ఈ రెండు ఆటలూ అతనికి ఏం నేర్పాయో కాస్త ఆగి చూడాలి. గోల్‌కీపర్ పని ఎగరడం కంటే ముందు నిలబడడంతో మొదలవుతుంది: బంతి ఎటు వస్తుందో తేలేవరకు రెండు కాళ్ల మీదా బరువు సమానంగా ఉంచుకుని, పక్క అడుగులు చిన్నచిన్నగా వేస్తూ, తొందరపడి ముందే ఒక పక్కకు ఒరిగిపోకుండా ఉండాలి. హ్యాండ్‌బాల్‌లో బంతి పట్టుకున్నవాడికి మూడు అడుగులే అనుమతి; ఆ మూడు అడుగుల్లోనే ఎదుటివాణ్ని తప్పుదోవ పట్టించి, గాలిలోకి లేచి, చేయి తిప్పి బంతి విసరాలి. బాస్కెట్‌బాల్‌లో పొడవైన పిల్లలకు శిక్షకులు మొదట నేర్పేది రింగ్ కింద నిలబడి చేతులు పైకెత్తడం. ఆ పాఠం కంటే ముందు కాళ్ల పాఠం నేర్చుకుని వచ్చిన సెంటర్ కావడం ఒలాజువాన్‌కు కలిసివచ్చింది.

నైజీరియా యువ జట్టు తరఫున ఆడుతున్నప్పుడు, మధ్య ఆఫ్రికా గణతంత్ర జట్టుకు శిక్షణ ఇస్తున్న క్రిస్టఫర్ పాండ్ అనే అమెరికన్ అతన్ని గమనించి అమెరికా విశ్వవిద్యాలయాలకు పరిచయం చేశాడు. 1980లో హ్యూస్టన్ చేరినప్పుడు అతన్ని తీసుకెళ్లడానికి విమానాశ్రయానికి ఎవరూ రాలేదు. టాక్సీ మాట్లాడుకుని రమ్మని విశ్వవిద్యాలయం వాళ్లు ఫోన్‌లోనే చెప్పారు. ఆ నగరంతో రెండు దశాబ్దాలకు పైగా సాగిన బంధం అలా మొదలైంది.

మొదటి ఏడాది అతను ఆటలు ఆడలేదు, శిక్షణకే పరిమితమయ్యాడు. ఆ తరువాత శిక్షకుడు గై లూయిస్ ఆధ్వర్యంలో, క్లైడ్ డ్రెక్స్లర్ వంటి సహచరులతో కలిసి హ్యూస్టన్ విశ్వవిద్యాలయం 1982, 1983, 1984ల్లో వరుసగా మూడుసార్లు జాతీయ పోటీల చివరి నాలుగు జట్లలో నిలిచింది. మూడుసార్లూ కప్పు దక్కలేదు. 1983 ఫైనల్‌లో నార్త్ కరొలైనా స్టేట్ చేతిలో 54-52తో, అదీ చివరి సెకనులో ఓడిపోయారు. అయినా ఆ పోటీల ఉత్తమ ఆటగాడిగా ఎన్నికైంది ఓడిన జట్టులో 20 పాయింట్లు, 18 రీబౌండ్లు (గురి తప్పి తిరిగొచ్చిన బంతిని అందుకోవడం) సాధించిన ఒలాజువానే. మరుసటి ఏడాది ఫైనల్‌లో ప్యాట్రిక్ ఈవింగ్ ఉన్న జార్జ్‌టౌన్ గెలిచింది. ఈ ఈవింగ్ మళ్లీ పదేళ్ల తరువాత ఎదురవుతాడు.

కళాశాల ఆటలకన్నా ఆ వేసవుల్లో జరిగిన అసలు చదువు ముఖ్యమైనది. హ్యూస్టన్‌లో ఫాండీ రిక్రియేషన్ సెంటర్ అనే ప్రజా వ్యాయామశాల ఉండేది. అప్పటికి లీగ్‌లో అత్యంత విలువైన ఆటగాడి పురస్కారాన్ని ఒకటికి మించి అందుకున్న మోజెస్ మలోన్ సెలవుల్లో అక్కడికి వచ్చి ఆడేవాడు. అంపైర్లు లేని ఆ ఆటల్లో మలోన్ భుజంతో నెట్టేవాడు, నడుముతో తోసేవాడు, రీబౌండ్ కోసం ఒకసారి కాకపోతే మూడుసార్లు ఎగిరేవాడు. సన్నగా ఉన్న నైజీరియా కుర్రవాడికి బలంతో మలోన్‌ను నిలువరించడం సాధ్యం కాదని మొదట్లోనే తెలిసిపోయింది. నెట్టలేనివాడు తప్పించుకోవడం నేర్చుకుంటాడు. ఒక పక్క భుజం ఆనించి, మలోన్ బరువు అటు వాలగానే రెండో పక్కకు తిరిగిపోవడం అనే మెలకువ ఆ వేసవుల్లోనే పదును తేలింది. తరువాతి కాలంలో డ్రీమ్ షేక్ అన్న పేరుతో ప్రసిద్ధమైన కదలికకు ఫుట్‌బాల్ మైదానం మొదటి బడి అయితే, ఫాండీ వ్యాయామశాల రెండో బడి.

కొత్త ఆటగాళ్లను జట్లు వంతులవారీగా ఎంచుకునే డ్రాఫ్ట్‌లో, 1984లో మొదటి ఎంపిక ఎవరిదన్నది అప్పటి పద్ధతి ప్రకారం నాణెం ఎగరేసి తేల్చారు. హ్యూస్టన్ రాకెట్స్ గెలిచి ఒలాజువాన్‌ను తీసుకుంది. రెండో ఎంపిక దక్కిన పోర్ట్‌లాండ్ శామ్ బోవీని, మూడో ఎంపికతో షికాగో మైకేల్ జోర్డాన్‌ను తీసుకున్నాయి. పోర్ట్‌లాండ్ పొరపాటును నలభై ఏళ్లుగా ఎగతాళి చేస్తున్నవాళ్లు కూడా, జోర్డాన్‌ను వదిలేసినందుకు హ్యూస్టన్‌ను తప్పుబట్టరు. ఒలాజువాన్ గురించి ఇంతకు మించిన యోగ్యతాపత్రం అక్కర్లేదు. మంచి ఆటగాడి కోసం రాకెట్స్ కావాలనే ఓడిపోతోందన్న అనుమానాలు చెలరేగడంతో, మరుసటి ఏడాది నుంచి లీగ్ నాణెం పద్ధతిని పక్కనపెట్టి లాటరీ పెట్టింది.

తొలి ఏడాది ఒలాజువాన్ సగటున 20.6 పాయింట్లు, 11.9 రీబౌండ్లు సాధించాడు. అంతకుముందు 29 ఆటలే గెలిచిన జట్టు 48 గెలిచింది. పక్కన 7 అడుగుల 4 అంగుళాల రాల్ఫ్ శాంప్సన్ ఉన్నాడు. ఒలాజువాన్ ఎత్తును 7 అడుగులుగా రాసేవారు గానీ నిజానికి అది 6 అడుగుల 10 అంగుళాలకు దగ్గర. ఈ జంట గోపురాల జట్టు 1986లో, అప్పటి ఛాంపియన్ లాస్ ఏంజెలిస్ లేకర్స్‌ను 4-1తో ఓడించి ఫైనల్‌కు చేరింది. ఆ సిరీస్‌ను ముగించిన అయిదో ఆట చివరి సెకనులో శాంప్సన్ గాలిలో తిరుగుతూ వేసిన షాట్ అందరికీ గుర్తుంది. ఆ సమయానికి ఒలాజువాన్ ఆవరణలో లేడన్న సంగతి తక్కువమందికి గుర్తుంటుంది. మిచ్ కప్‌చాక్‌తో కొట్లాటకు దిగినందుకు అతన్ని అంపైర్లు బయటికి పంపారు. తరువాతి కాలంలో ప్రశాంతతకు మారుపేరుగా నిలిచిన ఒలాజువాన్ కోపిష్ఠిగా మొదలయ్యాడని గుర్తుంచుకోవాలి. ఫైనల్‌లో లారీ బర్డ్ నడిపించిన బోస్టన్ 4-2తో గెలిచింది. ఇరవై మూడేళ్లకే ఫైనల్ చూసినవాడికి ఏటేటా అక్కడికి చేరడం ఖాయమని అప్పుడు అనిపించి ఉండవచ్చు.

జరిగింది వేరు. మాదకద్రవ్యాల కారణంగా లీగ్ ఇద్దరు గార్డులను నిషేధించింది. శాంప్సన్ మోకాళ్లు దెబ్బతిన్నాయి, 1987 డిసెంబరులో జట్టు అతన్ని గోల్డెన్ స్టేట్‌కు ఇచ్చేసింది. అక్కడి నుంచి నాలుగైదేళ్లు ఒలాజువాన్ ఆట ఒక దారిన, జట్టు ఫలితాలు మరో దారిన నడిచాయి. 1987లో సియాటెల్‌తో రెండు అదనపు సమయాల దాకా సాగిన ఆటలో 49 పాయింట్లు, 25 రీబౌండ్లు సాధించాడు. జట్టు ఓడి ఇంటికి వెళ్లింది. 1988లో డల్లస్‌తో నాలుగు ఆటల్లో సగటు 37.5 పాయింట్లు, 16.8 రీబౌండ్లు, జట్టు మళ్లీ ఓడింది. 1988-89లో ఒకే సీజన్‌లో 200 బ్లాక్‌లు, 200 స్టీల్స్ దాటిన మొదటి ఆటగాడయ్యాడు. 1990 మార్చి 29న మిల్వాకీపై 18 పాయింట్లు, 16 రీబౌండ్లు, 11 బ్లాక్‌లు, 10 అసిస్ట్‌లతో (సహచరుడి స్కోరుకు దారితీసిన పాస్‌లతో), నాలుగు అంశాల్లోనూ రెండంకెలు చేరాడు. లీగ్ చరిత్రలో ఈ పని చేసినవాళ్లు నలుగురే. అదే నెల మొదట్లో గోల్డెన్ స్టేట్‌పై కూడా ఇది సాధించాడని హ్యూస్టన్ లెక్కగాళ్లు ప్రకటించగా, లీగ్ వీడియో చూసి ఒక అసిస్ట్ కొట్టేసింది.

ఈ అంకెలను ఇప్పుడు చదివితే ముచ్చటేస్తుంది గానీ, ఆ రోజుల్లో వీటిని వేరే రకంగా చదివినవాళ్లు ఉన్నారు. బంతి లోపలికి వెళితే బయటికి రాదని, సహచరులను నమ్మడని అతనిపై విమర్శ ఉండేది. దాన్ని పూర్తిగా కొట్టిపారేయలేం. ఇద్దరు, ముగ్గురు చుట్టుముట్టినా తనే షాట్ వేయడానికి ప్రయత్నించేవాడు. అయితే ఆ ఇద్దరు ముగ్గురినీ వెనక్కి లాగగలిగేంత గురి ఉన్న సహచరులు బయట ఎందరు ఉండేవారన్న ప్రశ్న కూడా వేయాలి. ఒంటరి సెంటర్ స్వార్థపరుడిగా కనిపించడానికి కారణం చాలాసార్లు అతని స్వభావం కంటే జట్టు అమరికలోనే ఉంటుంది.

1991 జనవరిలో బిల్ కార్ట్‌రైట్ మోచేయి తగిలి అతని కంటి చుట్టూ ఉండే ఎముక విరిగింది. రెండు డజన్ల ఆటలు పోయాయి. 1992 వసంతంలో పరిస్థితి మరింత దిగజారింది. తొడ కండరం పట్టేసిందని అతను, ఒప్పందం పెంచుకోవడానికి గాయాన్ని సాకుగా చూపుతున్నాడని యాజమాన్యం వాదించుకున్నాయి. జట్టు అతన్ని సస్పెండ్ చేసింది, అతను తనను వేరే జట్టుకు ఇచ్చేయమని అడిగాడు. ఆ ఏడాది రాకెట్స్ ప్లేఆఫ్స్‌కే, అంటే లీగ్ దశ తరువాత కప్పు కోసం జరిగే పోటీలకే, చేరలేదు. 1992-93 సీజన్ తొలి ఆటలు జపాన్‌లో జరిగాయి. ఆ సుదీర్ఘ విమాన ప్రయాణంలో యజమాని చార్లీ థామస్, ఒలాజువాన్ ఎదురుబొదురుగా కూర్చుని మాట్లాడుకుని రాజీకి వచ్చారు. ఒక జట్టు భవిష్యత్తు పసిఫిక్ మహాసముద్రం మీద తేలిందంటే అతిశయోక్తి కాదు.

రాజీ ఒక్కటే ఫలితాన్ని మార్చలేదు. 1992 ఫిబ్రవరిలో శిక్షకుడి బాధ్యతలు అందుకున్న రూడీ టాంజనోవిచ్ అంతకుముందు ఆ జట్టుకే ఆడినవాడు. 1977లో మైదానంలో ఒక ప్రత్యర్థి పిడిగుద్దుకు ముఖం ఎముకలు విరిగి, ప్రాణం మీదికి వచ్చి, కోలుకున్నవాడు. అతను తెచ్చిన ఆలోచన వినడానికి సాదాగా ఉంటుంది: ఒలాజువాన్‌ను రింగ్‌కు ఒక పక్కన ఉంచి బంతి అతనికి ఇవ్వాలి, మిగిలిన నలుగురూ మూడు పాయింట్ల గీత (దాని అవతలి నుంచి పడిన షాట్‌కు మూడు పాయింట్లు) వెంట విస్తరించి నిలబడాలి. ఒక్కడే కాపలా ఉంటే ఒలాజువాన్ స్కోరు చేస్తాడు. రెండోవాడు సాయానికి వస్తే ఆ రెండోవాడు వదిలి వచ్చిన మనిషికి బంతి వెళుతుంది. కెన్నీ స్మిత్, వెర్నన్ మ్యాక్స్‌వెల్, మారియో ఎలీ, శామ్ కసెల్, రాబర్ట్ హోరీ లాంటి షూటర్లు ఆ గీత దగ్గర కాచుకుని ఉండేవారు. అయిదుగురిలో ముగ్గురు రింగ్ చుట్టూ గుమిగూడే ఆ కాలంలో ఈ అమరిక కొత్త. 1993-94లో రాకెట్స్ ఆటకు సగటున 15కు పైగా మూడు పాయింట్ల షాట్లు వేసింది, అది అప్పట్లో లీగ్‌లోనే ఎక్కువ. ఇప్పటి జట్లు 35 దాటిస్తున్నాయి కాబట్టి ఆ అంకె చిన్నదిగా కనిపించవచ్చు. నేటి ఎన్‌బీఏ ఆడుతున్న విశాలమైన ఆటకు తొలి రూపాల్లో ఒకటి హ్యూస్టన్‌లోనే, అదీ రింగ్‌కు వీపు పెట్టి ఆడే పాతకాలపు పోస్ట్ ఆటగాడి చుట్టూ తయారైందన్నది మాత్రం తరచూ మరిచిపోతారు.

ఈ అమరిక పనిచేయాలంటే ఒలాజువాన్ కూడా మారాలి, మారాడు. కెరీర్ మొదట్లో ఆటకు రెండు అసిస్ట్‌లైనా లేని మనిషి 1993 నాటికి మూడున్నరకు చేరాడు. రెండో డిఫెండర్ ఎటు నుంచి వస్తున్నాడో చూసి, వాడు చేరకముందే బంతి వదిలేయడం ఇరవై తొమ్మిదో ఏట నేర్చుకున్న విద్య. బాస్కెట్‌బాల్ పదేళ్ల వయసులో మొదలుపెట్టినవాడికి ముప్పై నాటికి అలవాట్లు రాయిలా గట్టిపడతాయి. పదిహేనేళ్లు దాటాక మొదలుపెట్టినవాడు అప్పటికింకా విద్యార్థిగానే ఉంటాడు. అతని ఆలస్యం అంతిమంగా మేలు చేసిందనడానికి ఈ మార్పే గట్టి సాక్ష్యం.

మారిన మరో విషయం మతాచరణ. అమెరికా వచ్చాక సడలిన నిష్ఠను అతను 1980ల చివర్లో మళ్లీ పట్టుకున్నాడు. అంతదాకా అకీమ్ అని చెలామణీ అయిన పేరును 1991లో హకీమ్‌గా సరిదిద్దుకున్నాడు. రంజాన్ నెల ఎన్‌బీఏ సీజన్ మధ్యలో వచ్చిన ఏళ్లలో కూడా ఉపవాసం ఆపలేదు. తెల్లవారకముందు తినడం, పగటి ఆట ఉంటే గొంతులో నీటి చుక్కైనా పడకుండా ఆడడం. 1995లో రంజాన్ ఫిబ్రవరి మొదట్లోనే మొదలైంది. ఆ నెల లీగ్ ఉత్తమ ఆటగాడిగా ఎంపికైంది అతనే. కోపం తగ్గడం, అంపైర్లతో గొడవలు తగ్గడం, సహచరులపై ఓర్పు పెరగడం ఈ కాలంలోనే కనిపిస్తాయి. వాటికి విశ్వాసమే ఏకైక కారణమని చెప్పడం విశ్లేషణ పని కాదు. అతను మాత్రం అలాగే చెప్పుకున్నాడు.

1993-94 సీజన్‌ను రాకెట్స్ వరుసగా 15 విజయాలతో ప్రారంభించింది. ఒలాజువాన్ సగటు 27.3 పాయింట్లు, 11.9 రీబౌండ్లు, 3.7 బ్లాక్‌లు. అత్యంత విలువైన ఆటగాడు, ఉత్తమ డిఫెండర్, ఫైనల్స్ ఉత్తమ ఆటగాడు అనే మూడు పురస్కారాలూ ఒకే సీజన్‌లో అందుకున్నది లీగ్ చరిత్రలో అతనొక్కడే. దారి నున్నగా ఏమీ లేదు: రెండో రౌండ్‌లో ఫీనిక్స్‌తో సొంతగడ్డపై మొదటి రెండు ఆటలూ భారీ ఆధిక్యం చేజార్చుకుని ఓడినప్పుడు స్థానిక పత్రిక నగరాన్నే వెక్కిరిస్తూ పతాక శీర్షిక పెట్టింది. ఆ సిరీస్‌ను ఏడో ఆటలో గెలిచారు.

ఫైనల్‌లో ఎదురైంది ఈవింగ్ జట్టు న్యూయార్క్ నిక్స్. అయిదు ఆటలయ్యేసరికి నిక్స్ 3-2తో ముందుంది. ఆరో ఆటలో రెండు సెకన్లు మిగిలి ఉండగా రాకెట్స్ 86-84తో ముందుంది. చివరి పావు భాగంలో ఒక్కడే 16 పాయింట్లు కొట్టిన జాన్ స్టార్క్స్ చేతికి బంతి వచ్చింది. ఈవింగ్ అడ్డు నిలబడడంతో స్టార్క్స్‌ను కాపు కాస్తున్న గార్డు వెనకబడ్డాడు. ఆ క్షణంలో ఈవింగ్‌ను వదిలి, మూడు పాయింట్ల గీత దాకా బయటికి వచ్చి, షాట్‌కు లేస్తున్న స్టార్క్స్ చేతి మీదికి వెళ్లింది ఒలాజువాన్. బంతి అతని వేలి కొసలకు తగిలి, రింగ్‌కు చాలా ముందే నేలకు దిగింది. అది పడి ఉంటే న్యూయార్క్ ఛాంపియన్. ఆ కాలపు సెంటర్లలో ఎక్కువమంది అంత దూరం బయటికి రారు. వచ్చినా, స్టార్క్స్ ఒక్క ఎత్తుగడ వేస్తే కాళ్లు చిక్కుకుని పక్కకు పడతారు. రెండు కాళ్ల మీదా బరువు నిలుపుకుని ఆఖరి క్షణం దాకా ఆగి ఎగరడం గోల్‌కీపర్ విద్య. ఏడో ఆట 90-84తో రాకెట్స్ వశమైంది. స్టార్క్స్ ఆ రాత్రి 18 షాట్లలో రెండే వేయగలిగాడు. సిరీస్ మొత్తం మీద ఒలాజువాన్ సగటు 26.9 పాయింట్లు, ఈవింగ్ సగటు 18.9. కళాశాల నాటి బాకీ అలా తీరింది.

మరుసటి ఏడాది విజయం దీనికన్నా పెద్దది. 47 ఆటలే గెలిచి పశ్చిమ విభాగంలో ఆరో స్థానంతో ప్లేఆఫ్స్‌కు వచ్చిన జట్టది. సీజన్ మధ్యలో, 1995 ఫిబ్రవరిలో, ఓటిస్ థోర్ప్‌ను ఇచ్చి డ్రెక్స్లర్‌ను తెచ్చుకోవడంతో కళాశాల జంట మళ్లీ కలిసింది. 60 ఆటలు గెలిచిన యూటాను, 59 గెలిచిన ఫీనిక్స్‌ను ఆఖరి ఆట దాకా లాగి ఓడించారు. ఫీనిక్స్‌పై 3-1తో వెనకబడి మరీ గెలిచారు. తరువాత 62 ఆటలతో లీగ్‌లో అగ్రస్థానంలో ఉన్న శాన్ ఆంటోనియో ఎదురైంది. ఆ జట్టు సెంటర్ డేవిడ్ రాబిన్సన్‌కే ఆ ఏడాది అత్యంత విలువైన ఆటగాడి పురస్కారం దక్కింది. రెండో ఆటకు ముందు అతని సొంత ప్రేక్షకుల సమక్షంలో పురస్కారం అందజేస్తుంటే ఒలాజువాన్ పక్కన నిలబడి చూశాడు. ఆ రాత్రి 41 పాయింట్లు సాధించాడు.

ఆ ఆటలోని ఒక కదలికను శిక్షకులు ఇప్పటికీ పిల్లలకు వీడియో ఆపి ఆపి చూపిస్తారు. బంతి అందుకుని రింగ్ వైపు తిరిగిన ఒలాజువాన్ ముందు భుజంతో ఒక పక్కకు వెళుతున్నట్టు కనిపిస్తాడు. రాబిన్సన్ అటు జరుగుతాడు. బంతి నేలకు కొట్టి రెండో పక్కకు వెళ్లి, ఆగి, వెనక్కి తిరుగుతాడు. రాబిన్సన్ మళ్లీ సరిచేసుకుంటాడు. అప్పుడు తల, కళ్లు, బంతి మూడూ పైకి లేస్తాయి, షాట్ వేస్తున్నట్టే ఉంటుంది. రాబిన్సన్ ఎగురుతాడు. ఒలాజువాన్ కాళ్లు మాత్రం నేల మీదే ఉంటాయి. నియమం ప్రకారం ఒక పాదం కదలకుండా ఉన్నంతవరకు రెండో పాదాన్ని ఎటైనా వేయవచ్చు. గాలిలో ఉన్న రాబిన్సన్ చేతి కిందుగా ఆ పాదం వేసి, బంతిని రింగ్‌లో జారవిడుస్తాడు. కూతకు వెళ్లిన కబడ్డీ ఆటగాడు ఒక కాలు చాచి చూపించి, పట్టుకోవడానికి వంగినవాణ్ని మరో చేత్తో తాకి వచ్చినట్టే ఇదీ జరుగుతుంది. ఇందులో బలం లేదు, మెరుపు వేగం కూడా లేదు. ప్రతి దశలోనూ డిఫెండర్ ఇచ్చిన జవాబును చూసి తరువాతి అడుగు ఎన్నుకోవడం ఉంది. అందుకే ముందే కంఠస్థం చేసిన వరుసగా దాన్ని అనుకరించబోయినవాళ్లకు అది పట్టుబడదు.

ఆ సిరీస్ ఆరు ఆటల్లో అతను వరుసగా 27, 41, 43, 20, 42, 39 పాయింట్లు సాధించాడు, సగటు 35.3. అయినా రాబిన్సన్‌ను తక్కువ చేసి మాట్లాడడం అన్యాయం. లీగ్‌లోని ఉత్తమ డిఫెండర్లలో ఒకడికి ఎక్కువ సమయం ఒంటరిగా ఆ పని అప్పగించారు. సాయం పంపితే గీత దగ్గర హోరీ, స్మిత్ ఉన్నారు. టాంజనోవిచ్ అమరిక రాబిన్సన్‌ను ఒంటరిని చేసింది, ఒలాజువాన్ పాదాలు మిగతాది చేశాయి.

ఫైనల్‌లో షకీల్ ఒనీల్ జట్టు ఒర్లాండోను 4-0తో ఓడించారు. మొదటి ఆటలో 20 పాయింట్లు వెనకబడి కోలుకుని, అదనపు సమయంలో, 0.3 సెకను మిగిలి ఉండగా ఒలాజువాన్ తట్టి వేసిన బంతితో గెలిచాక ఆ సిరీస్‌లో పెద్దగా పోరు మిగల్లేదు. ఒనీల్ కూడా బాగానే ఆడాడు, సగటు 28. ఒలాజువాన్ సగటు 32.8. 50కి పైగా ఆటలు గెలిచిన నాలుగు జట్లను వరుసగా ఓడించి, ఆరో స్థానం నుంచి కప్పు ఎత్తిన జట్టు అంతకుముందు లేదు, ఆ తరువాత కూడా రాలేదు.

ఈ రెండు కప్పుల పక్కన ఎప్పుడూ ఒక చిన్న నక్షత్రం గుర్తు పెడతారు: జోర్డాన్ లేడు. మొదటి ఏడాది అతను బేస్‌బాల్ ఆడుతున్నాడు, రెండో ఏడాది మార్చిలో తిరిగి వచ్చాడు. అతను ఉండి ఉంటే షికాగోయే గెలిచేదన్న వాదన సహజమే, రుజువు చేయడం ఎవరి తరమూ కాదు. రెండు సంగతులు మాత్రం చెప్పవచ్చు. 1995లో జోర్డాన్ ఉన్న షికాగోను ఓడించింది ఒర్లాండో, ఆ ఒర్లాండోను హ్యూస్టన్ ఒక్క ఆట కూడా గెలవనివ్వలేదు. షికాగో వరుసగా మూడు కప్పులు గెలిచిన 1991-93 సీజన్లలో రెండు జట్ల మధ్య జరిగిన ఆరు లీగ్ ఆటల్లో అయిదు హ్యూస్టన్‌వే. ఆ షికాగో జట్లలో ఒలాజువాన్‌కు సరితూగే సెంటర్ ఎవరూ లేకపోవడమే దానికి కారణం. సాధారణ సీజన్ ఆటలను ఫైనల్‌తో సమానంగా చూడలేం గానీ, జోర్డాన్ లేకపోవడం వల్లే కప్పులు దొరికాయన్న మాట అనుకున్నంత గట్టిది కాదు.

1993లో అమెరికా పౌరసత్వం తీసుకున్న ఒలాజువాన్ 1996 అట్లాంటా ఒలింపిక్స్‌లో ఆ దేశం తరఫున స్వర్ణం గెలిచాడు. తరువాత మెల్లగా దిగుదల మొదలైంది. ఛార్లెస్ బార్క్‌లీని తెచ్చుకున్న రాకెట్స్ 1997లో పశ్చిమ ఫైనల్ దాకా వెళ్లి, జాన్ స్టాక్టన్ ఆఖరి క్షణం షాట్‌కు ఇంటిదారి పట్టింది. 2001 ఆగస్టులో ఒలాజువాన్‌ను టొరంటోకు ఇచ్చేశారు. పదిహేడు సీజన్లు రాకెట్స్ చొక్కాలో చూసిన కళ్లకు ఆ ఒక్క ఏడాది కొరుకుడు పడదు, సగటు 7.1 పాయింట్లు, ఆపైన నడుం నొప్పి. 2002లో ఆట ముగించాడు. మొత్తం 1,238 ఆటలు, 26,946 పాయింట్లు, 13,748 రీబౌండ్లు. హ్యూస్టన్ 34వ నంబరు చొక్కాను ఇంకెవరికీ ఇవ్వకుండా పైకి ఎగరేసింది. 2008లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు దక్కింది.

వంద డాలర్లకు పైబడిన బూట్లను తారల పేర్లతో అమ్మే రోజుల్లో, స్పాల్డింగ్ సంస్థ అతని పేరుతో తెచ్చిన బూట్ల ధర సుమారు 35 డాలర్లు. వడ్డీ నిషిద్ధం కాబట్టి స్థిరాస్తి వ్యాపారాన్ని అప్పు లేకుండా, నగదుతోనే నడిపి లాభపడ్డాడు. హ్యూస్టన్ నడిబొడ్డున 1928లో కట్టిన పాత బ్యాంకు భవనం ఒకటి కొని మసీదుగా మార్పించాడు.

రిటైరయ్యాక అతను చేసిన పనుల్లో బాస్కెట్‌బాల్‌కు ఎక్కువ సంబంధం ఉన్నది బోధన. 2009 వేసవిలో కోబీ బ్రయంట్, 2011లో డల్లస్ చేతిలో ఫైనల్ ఓడిన లెబ్రాన్ జేమ్స్ అతని దగ్గరికి వచ్చి రింగ్‌కు వీపు పెట్టి ఆడే పద్ధతి నేర్చుకున్నారు. లెబ్రాన్ మరుసటి ఏడాదే తొలి కప్పు గెలిచాడు. ఆ ఇద్దరూ సెంటర్లు కారు. దీన్ని గమనిస్తే అతని వారసత్వం ఎటు వెళ్లిందో తెలుస్తుంది. బంతిని రింగ్ పక్కన ఒక్కడికి ఇచ్చి చూస్తూ నిలబడే ఆట ఇప్పుడు అరుదు. ఆ చోట తీసుకునే రెండు పాయింట్ల షాట్ కంటే గీత బయటి మూడు పాయింట్ల షాటే లాభమని జట్లు లెక్కగట్టాయి. ఒలాజువాన్ ఆడిన స్థానం కుంచించుకుపోయింది, అతని పాదాలు చేసిన పని మాత్రం ఎత్తుతో సంబంధం లేకుండా ఇతరులకు పంచుకుపోయింది. కామెరూన్‌లో పదిహేనేళ్లు దాటాకే ఈ ఆట మొదలుపెట్టిన జోయెల్ ఎంబీడ్‌కు ఒక శిక్షకుడు ఇచ్చిన డీవీడీలో ఒలాజువాన్ ఆటలు ఉన్నాయి. వాటినే పదేపదే చూసి నేర్చుకున్న ఆ కుర్రవాడు 2023లో లీగ్ అత్యంత విలువైన ఆటగాడయ్యాడు. ఆఫ్రికాలో పుట్టి పెరిగి అంతకుముందు ఆ పురస్కారం అందుకున్నది ఒలాజువాన్ ఒక్కడే.